నిద్రలో పోలేదు మా ఆపరేటర్ అన్న

మా ఆపరేటర్ అన్న పోయి మూడు నెలలైంది. "గదిలో నిద్రలోనే ప్రశాంతంగా కన్నుమూశారు" అని మా లేబర్ క్యాంప్ వాట్సాప్ గ్రూపులో వచ్చిన కబురు మీలో చాలామంది చూసే ఉంటారు. కింద దండాలు కూడా పెట్టారు. ఆ కబురు టైపు చేసింది నేనే. అందులో పేరు, ఊరు తప్ప మిగతాదంతా అబద్ధం. ఈ నాలుగు మాటలు మన గల్ఫ్ తెలుగువాళ్ళ పత్రికలో అచ్చయ్యాక నా ఉద్యోగం ఉంటుందో లేదో తెలియదు.

ఖతార్‌లోని రాస్ లఫాన్‌లో నేను పనివాళ్ళ హాజరు వేసే టైమ్‌కీపర్‌ని. ఆయన ఫోర్‌మన్. పైన పనిచేసేవాళ్ళు నిలబడడానికి ఇనుప గొట్టాలతో మంచెలు కట్టించేవాడు. అంతకుముందు జగిత్యాల దగ్గర ఒక ఊళ్ళో ఇరవై ఏళ్ళు సినిమా హాలు ఆపరేటర్. రీళ్ళ కాలం పోయి, హాలు మూతపడి, మెషీను తూకానికి అమ్ముడుపోయాక ఇక్కడికి వచ్చాడు. మంచెలు కట్టించినా ఆ పాత పేరే నిలిచింది. నేను గోదావరి జిల్లావాణ్ణి కనుక నా మాటతీరును రోజూ వెక్కిరించేవాడు. "నీ అండి, గిండి ఆఫీసుల పెట్టుకో తమ్మీ, నాతోని మంచిగ మాట్లాడు" అనేవాడు. వచ్చిన కొత్తలో బెంగపడి అన్నం మానేస్తే, వారం రోజులు తన పక్కన కూర్చోబెట్టుకుని తినిపించిన మనిషి ఆయన.

ఒకసారి తనిఖీకి వచ్చిన డెన్మార్క్ ఇంజనీరు ఒకాయన, అన్న పాత వృత్తి సంగతి విని, తమ దేశపు మూకీ సినిమాలు పెన్‌డ్రైవ్‌లో వేసిచ్చాడు. వందేళ్ళు దాటినవి. అన్నింట్లోనూ ఒకడే హీరో. అన్న అతనికి దాసుడైపోయాడు. ఫోనులో అనువాదం చేయించుకుంటూ అతని బతుకంతా తవ్వి తీశాడు. నాటకాల్లోంచి వచ్చాడట. దొరగా, దొంగగా, సర్కస్‌వాడిగా వేశాడట. గుర్రం మీంచి తనే దూకేవాడట. నెల తిరక్కుండా కొత్త సినిమా. అంతలో యుద్ధం వచ్చి బయటి దేశాల్లో కొనేవాళ్ళు తగ్గారు. ఆ తర్వాత సినిమాకు మాట వచ్చింది, ఇతన్ని పిలిచేవాళ్ళు లేకపోయారు. చివరికి ఒక చిన్న పట్నంలో సినిమా హాలు నడుపుకుని బతికాడు.

"చూసినవా? అంత హీరో గూడ ఆఖరికి మా లైన్లకే వచ్చిండు" అని మురిసిపోయేవాడు అన్న. తన హాలు గురించి మాత్రం అడిగినా చెప్పేవాడు కాదు.

శుక్రవారం భోజనాలయ్యాక క్యాంప్ టీవీ హాల్లో ఆ సినిమాలు వేసేవాడు. క్రికెట్ పెట్టమని గోల చేసేవాళ్ళను "యల్లా, బైఠో" అని కూర్చోబెట్టేవాడు. నేపాలీలు, బెంగాలీలు, మలయాళీలు, మనవాళ్ళు, అందరికీ అర్థమయ్యేవి. "మాట లేని సినిమాకు వీసా అక్కర్లే" అనేవాడు. మధ్యలో తెర మీద అక్షరాలు వస్తే హిందీలో ఒకసారి, తెలుగులో ఒకసారి చెప్పేవాడు, సగం సొంతంగా కల్పించి. తను మాత్రం ఎప్పుడూ కూర్చునేవాడు కాదు. వెనక గోడకు ఆనుకుని నిలబడేవాడు.

ఒక సినిమాలో హీరో సర్కస్ తాడు మీంచి పడి చనిపోతాడు. అన్న ఐదు నిమిషాల ముందే టీవీ ఆపేసి, "షాదీ హో గయా, ఘర్ గయా. పెండ్లయింది, ఇంటికి పోయిండు" అని ముగించాడు. అందరూ ఈలలేసి లేచిపోయారు. ఎందుకలా చేశావని తర్వాత అడిగాను.

"ఆ సినిమాలోళ్ళే రెండు తీర్ల తీసేటోళ్ళంట తమ్మీ. ఏడ్చే దేశానికి సచ్చేది, నవ్వే దేశానికి బతికేది. మనోళ్ళు వారమంత ఎండల సచ్చి వస్తరు. శుక్రవారం నాడన్న ఒకడు బతికి ఇంటికి పోనీ."

ఆయన ఇంటికి పోలేదు. ఆ రోజు పొద్దున ఛాతీ పట్టేసినట్టుందని సూపర్‌వైజర్‌కు రెండుసార్లు చెప్పాడు. మంచె పూర్తిచేసి వెళ్ళమన్నాడు ఆ మహానుభావుడు. పదకొండు కాకముందే అన్న కిందికి దిగుతూ కూలిపోయాడు. ఆయన డ్యూటీకి వచ్చిన టైము వేసింది నేనే. సాయంత్రం మేనేజర్ పిలిచి దాన్ని సెలవుగా మార్చమన్నాడు. "నిద్రలో అంటే ఇంటివాళ్ళకీ బాధ తక్కువ" అన్నాడు. మార్చాను. భయపడి మార్చాను. పైగా అన్న చేసిన పనే నేనూ చేస్తున్నానని నాకు నేను సర్దిచెప్పుకున్నాను. ఎంత సిగ్గులేని సాకు! ఆయన అబద్ధం అలసిపోయినవాళ్ళ కోసం. నాది ఆయన్ని చంపినవాళ్ళ కోసం. సూపర్‌వైజర్ ఇప్పటికీ అదే సైట్‌లో ఉన్నాడు.

పోయిన వారం ఆయన కూతురు ఫోన్ చేసింది. వాళ్ళ ఊళ్ళో గల్ఫ్ అంతా దుబాయే.

"సార్, దుబాయ్ నుంచి వచ్చిన కాయితంల గదిల పోయిండని ఉన్నది. ఆ దినం పొద్దుగాల డ్యూటీకి పోతున్న బిడ్డా అని నాకు ఫోన్ చేసిండు నాయిన. నిజం చెప్పుండ్రి, ఏడ పడిపోయిండు?"

చెప్పేశాను. ఛాతీ నొప్పి, మంచె, నేను మార్చిన హాజరు, అన్నీ. ఆ పిల్ల నన్ను తిట్టలేదు. తిడితే బాగుండేది. ఫోను చేతిలో ఉండగానే లోపలికి కేక వేసింది. "అమ్మా, నాయిన నిద్రల పోలేదంట. పనిల పోయిండంట."

తల్లి గొంతు ఫోనుకు దగ్గరగా వినిపించింది. అందులో ఏడుపు లేదు.

"నాకెర్కే బిడ్డా. శవప్పెట్టె తెరిచినంక ఆయన చేతులు నేనే కడిగిన. గోర్లల్ల ఇనుప తుప్పు ఉండె. ఎంత రుద్దినా పోలె."