తెలియదని అచ్చు వేసిన పుస్తకం

నా చిన్నప్పుడు మా ఇంట్లో ఒక తెల్లటి మాత్ర గురించి పెద్దవాళ్ళు రోజూ వాదులాడుకునేవారు. ఆ మాత్ర మా తమ్ముడిది. వాడికి మూర్ఛ వచ్చేది. పట్నంలో డాక్టరు రాసిచ్చిన మాత్రలు మొదలుపెట్టాక మూర్ఛ ఆగిపోయింది కానీ, వాడు మునుపటిలా లేడు. ఆడుకుంటూనే కునుకు తీసేవాడు. అన్నం ముద్ద నోట్లో పెట్టుకుని నమలడం మరిచిపోయేవాడు. జబ్బు పోయింది గదా, ఇంక మాత్రలు మానిపించి, వచ్చే అమావాస్యకు వాతలు పెట్టిస్తే మళ్ళీ రాకుండా పోతుందని మా నాయనమ్మ పట్టుబట్టింది. అమ్మకు ఎటూ తోచేది కాదు. చివరి మాట మా తాతయ్యదే.

మాది చిట్టమూరు దాటి సరస్సు వైపు వెళితే వచ్చే పల్లె. మా పక్కింటి అక్క పట్నంలో డాక్టరు చదువు చదువుతూ సెలవులకు వచ్చి ఉంది. మాత్రలు మానిపిస్తారని విని పరుగున వచ్చింది. ఉన్నట్టుండి ఆపితే మూర్ఛ ఇంకా గట్టిగా రావచ్చని చెప్పింది. తాతయ్య వల బాగుచేసుకుంటూ తల కూడా ఎత్తలేదు.

"నిన్నగాక మొన్న పావడా కట్టుకోని మా దొడ్లో రేగ్గాయలు ఏరుకున్నదానివి. నీకెట్ట తెలుసమ్మే?"

"పుస్తకంలో చదివినా తాతా."

"ఆ పుస్తకం రాసినోడికి ఎట్ట తెలుసు?"

అక్కకు కోపం వస్తుందనుకున్నాను. రాలేదు. జబ్బు పిల్లల్ని దగ్గరుండి చూసిన డాక్టర్లు తాము చూసింది చూసినట్టు రాసి పత్రికల్లో వేస్తారని, అవి తన కాలేజీ లైబ్రరీలో ఉంటాయని చెప్పింది. బయటికి ఇవ్వరట. అక్కడ చదివేవాళ్ళను, చదువు చెప్పేవాళ్ళను తప్ప ఎవరినీ లోపలికి రానివ్వరట.

తాతయ్యకు ఆ పద్ధతి చప్పున అర్థమైంది. మా సరస్సులో ఎవరి వల ఎక్కడ పడాలో ఊరంతా చేరి చీట్లు వేసి తేల్చుకుంటారు. చీటీ రానివాడు సొంతంగా వల దించకూడదు. చీటీ వచ్చినవాడి పడవ ఎక్కి మాత్రం పోవచ్చు. అందుకు పడవవాడికి ఏదో ఒకటి ముట్టజెప్పాలి. "అయితే నీ చీటీ మీద మేమొస్తాం" అన్నాడు తాతయ్య. నేనూ వస్తానని ఏడిస్తే నన్నూ బయలుదేరదీశాడు.

ముట్టజెప్పడానికి బుట్టెడు ఎండు రొయ్యలు తెచ్చాడని, లైబ్రరీ గుమ్మం దగ్గర మూత తీసేదాకా అక్కకు తెలియదు. లోపల చదువుకుంటున్నవాళ్ళు ఒకరి తర్వాత ఒకరు తలలెత్తారు. కళ్ళద్దాల లైబ్రేరియన్ గారు లేచి వచ్చారు.

"ఏందయ్యా ఇది? లైబ్రరీ అనుకున్నావా, సంత అనుకున్నావా?"

"ఈ పాప చీటీ మీద వచ్చినాం సామీ. ఇది మీ వంతు."

అక్క ముఖం ఎర్రబడింది. గబగబా మా తమ్ముడి సంగతంతా చెప్పింది. ఆయన తాతయ్యను, తాతయ్య లుంగీ పట్టుకుని నిలబడ్డ నన్ను చూశారు. బుట్ట బయట పెట్టాలని, గొంతు ఎత్తకూడదని చెప్పి, కిటికీ పక్క బల్ల చూపించారు.

అన్ని పుస్తకాలు ఒకేచోట నేను అంతకుముందు చూడలేదు. అక్క ముందుగా ఒక లావుపాటి పుస్తకం తెరిచింది. ఏ విషయం ఏ పత్రికలో ఉందో అందులో ఉంటుందట. చిన్న కాగితాల మీద ఏవో రాసి ఇస్తే, లైబ్రేరియన్ గారు లోపలికి వెళ్ళి అట్టలు కట్టిన పాత పత్రికలు తెచ్చారు. ఒకటి మాత్రం అక్కడ లేదన్నారు. కావాలంటే మద్రాసు లైబ్రరీకి రాసి తెప్పిస్తానన్నారు. అక్క ఆ ఇంగ్లీషు చదివి, మా మాటల్లో చెప్పింది. ప్రతి వ్యాసం కింద చిన్న చిన్న అక్షరాలు బారులు తీరి ఉన్నాయి. అవేమిటని నేనే అడిగాను. తమకు ముందు ఎవరెవరు ఏం చూశారో, ఎవరి దగ్గర తెలుసుకున్నారో ఆ పేర్లని చెప్పింది. తాతయ్యకు అది చాలా నచ్చింది.

మాత్రలు ఒక్కసారిగా ఆపితే మూర్ఛ తిరగబెట్టడం డాక్టర్లు చూశారట. అది స్పష్టంగానే ఉంది. మరి ఎన్నాళ్ళు వేయాలని అడిగాడు తాతయ్య. అక్క ఒక పత్రిక చూసింది, ఇంకొకటి చూసింది. చాలాసేపు పేజీలు తిప్పి, చివరికి చేతులు బల్ల మీద పెట్టి, "అది మాకింకా సరిగా తెల్దు, ఇంకా చూడాల అని రాసినారు తాతా" అంది.

 ఇంత దూరం వచ్చింది ఈ మాటకా అనిపించింది. ఇక వాతలే అనుకున్నాను. తాతయ్య మాత్రం ముందుకు వంగాడు.

"యాడ రాసినారు? చూపియ్యి."

అక్క వ్యాసం చివర ఉన్న ఆ వరుస చూపించింది. తాతయ్యకు చదువు రాదు, నాకూ రాదు. ఆయన ఆ వరుస మీద వేలు పెట్టి మెల్లగా చివరిదాకా జరిపాడు. నేనూ నా వేలు పెట్టి జరిపాను.

"ఇంత చదువుకున్నోళ్ళు తెల్దని అచ్చేయించుకున్నారా?"

"అవును తాతా."

"వాతలు పెట్టే ఆయన ఇన్నేళ్ళలో ఒక్కసారన్నా ఆ మాట అన్నాడా?" అని, ఇక ఇంటికి పోదాం పదమంటూ లేచి నిలబడ్డాడు.

ఆ అమావాస్య మా ఇంట్లో వాతలు లేకుండానే మామూలుగా గడిచిపోయింది. నాయనమ్మ కొన్నాళ్ళు తాతయ్యతో మాట్లాడలేదు. అక్క చెప్పినట్టు తమ్ముడి మత్తు సంగతి డాక్టరుకు చెబితే ఆయన మోతాదు మార్చారు. వాడు మళ్ళీ నా జడ పట్టి లాగడం మొదలుపెట్టాడు. మాత్రలు ఎప్పుడు, ఎంత నెమ్మదిగా మానాలో కూడా తర్వాత ఆ డాక్టరే చూసుకున్నారు. ఇప్పుడు వాడు మనవళ్ళను ఎత్తుకు తిరిగే తాత.

నేను అక్షరాలు నేర్చుకున్నది జుట్టు నెరిశాక, మా కోడలి దగ్గర. ఇంగ్లీషు నాకు ఇప్పటికీ రాదు. నెల్లూరులో నర్సింగు చదివే మా మనవరాలు వాళ్ళ కాలేజీ లైబ్రరీ ద్వారా ఆ పత్రికలన్నీ ఇంట్లోనే కంప్యూటరులో తెరుస్తుంది. డాక్టరు నాకు కొత్త మందు ఏదన్నా రాస్తే, దాని గురించి వాటిలో ఏముందో పక్కన కూర్చుని చదివించుకుంటాను. అది మొదటి నుంచి మొదలుపెడుతుంది. ముందు చివరికి పొమ్మంటాను. వాళ్ళకు ఏం తెలియదో అక్కడే కదా రాస్తారు! అది నవ్వుతుంది, కానీ చదువుతుంది.

మొన్న మోకాళ్ళ నొప్పుల మందంటూ ఎవరో కరపత్రం ఇచ్చి వెళ్ళారు. తెలుగులోనే ఉంది. కూడబలుక్కుంటూ నేనే చదివాను, రెండు వైపులా. ఆ మందు అమ్మేవాళ్ళకు తెలియనిదంటూ ఏమీ లేదు. కాగితం మడిచి అవతల పెట్టి, పిల్ల ఆదివారం వస్తుంది కదా, అడుగుదాం అనుకుంటూ మోకాళ్ళు పట్టుకుని లేచాను.