బాబూరావుగారి ‘లాయల్’

బందరు కోనేరు సెంటరు దగ్గర ఒక సందులో బాబూరావుగారి షీల్డుల షాపుంది. ఊళ్ళో ఎవరు రిటైరైనా, ఎవరికి బదిలీ అయినా, శాలువా తర్వాత చేతికొచ్చే ఆ చెక్క షీల్డు, దాని మీది ఇత్తడి రేకు అక్కణ్ణుంచి వచ్చినవే. రేకు మీద చెక్కే ఇంగ్లీషు కూడా ఆయన సొంతమే, చిక్కంతా అక్కడే వచ్చింది. నేను హైస్కూల్లో ఇంగ్లీషు చెబుతాను. మా హెడ్మాస్టరుగారి వీడ్కోలు షీల్డు మీద తప్పులు చూసి ఊరుకోలేక, మర్నాడు షాపు మెట్లెక్కాను. అప్పటి నుంచి సాయంత్రం బడి వదిలాక ఆయన ఇంగ్లీషు దిద్దడం నా డ్యూటీ అయిపోయింది. జీతం కింద ఒక అల్లం టీ. అది కూడా ఆయనకి గుర్తొస్తేనే.

మనిషి మంచివాడు. ఆ సంగతి ముందే చెప్పేస్తున్నాను, ఎందుకంటే ఇక మీదట ఆయన్ని తిట్టడమే ఎక్కువుంటుంది.

ఆయన తండ్రి తోమాసుగారిది దివిసీమ. ఉప్పెనలో ఇల్లూ వాకిలీ పోయాక నాగాయలంక దగ్గరి పల్లె వదిలి బందరొచ్చి, స్టీలు సామాన్ల కొట్ల ముందు కూర్చుని గిన్నెల మీద పేర్లు చెక్కేవారట. బందరు పాత కాపురాల్లో ఏ వంటింట్లోనైనా గిన్నె తిరగేస్తే ఆయన చేతిరాత కనబడుతుందని కొడుకు గొప్పగా చెబుతారు. ఆ చేతిపనితో పాటు, తండ్రి చివర్లో కొన్న చెక్కుడు మిషను కూడా బాబూరావుగారికి వచ్చింది. ఇటువైపు అక్షరాల అచ్చులో పుల్ల పెట్టి నడిపిస్తే అటువైపు సూది రేకు మీద అదే అక్షరం గీస్తుంది. రోజూ దానికి నూనె పెట్టి, తుడిచి, కళ్ళు మూసుకుని ప్రార్థన చేసుకుంటే గానీ ఆయన షట్టరు పూర్తిగా ఎత్తరు.

షాపులో పనిచేసేది సుగుణ ఒక్కతే. టెన్త్ అయిన ఏడాది చేరిన పిల్లకి ఇప్పుడు ముప్పై దాటాయి. పెడన నుంచి రోజూ రైల్లో వస్తుంది. రేకు కొయ్యడం, అక్షరాల మధ్య ఎడం చూడడం, చెక్కకి అంటించడం, ఫోన్లో పంపిన పేరులో ఇంటిపేరు ఏదో అసలు పేరు ఏదో తేల్చుకోవడం, అన్నీ ఆవిడే. బాబూరావుగారు మిషను తిప్పుతారు, వచ్చిన పెద్దమనుషులతో కబుర్లు చెబుతారు. సుగుణ సెలవు పెట్టిన రోజు జిగురు డబ్బా ఎక్కడుందో ఆయనకి తెలియదు.

ఆయన దగ్గర ఇంగ్లీషు మాటలు కొన్నే ఉండేవి గానీ, వాటిని పంచడంలో గొప్ప పద్ధతి ఉండేది. బ్యాంకు వాళ్ళకి ‘సిన్సియర్’. డాక్టర్లకి ‘డెడికేటెడ్’. పోలీసు వాళ్ళకి ‘డైనమిక్’, వాళ్ళు కుర్చీలోంచి లేవకపోయినా సరే. ఇక ఎవరి గురించి చెప్పడానికి ఏమీ తోచదో వాళ్ళకి ‘లాయల్’. మీ లాయల్ సేవలకి గుర్తుగా అని ఒక వాక్యం, కింద చేరిన ఏడాది, చిన్న గీత, వెళ్ళే ఏడాది. గుమాస్తా, వాచ్‌మన్, బస్సు డ్రైవరు, అందరికీ అదే. ఒకసారి బంటుమిల్లి నుంచి ఒక నాయకుడి అనుచరులొచ్చి మా అన్న పార్టీకి లాయల్ సైనికుడని చెక్కమన్నారు. అన్న అప్పటికే రెండు పార్టీలు మారి మూడోదాంట్లో ఉన్నాడు. బాబూరావుగారు నవ్వకుండా, పార్టీ పేరు విడి రేకు మీద వేసి మరలు బిగించి ఇస్తాను, మార్చుకోవడానికి వీలుగా ఉంటుందని చెప్పారు. వాళ్ళు కూడా నవ్వకుండా సరేనన్నారు.

అన్నేళ్ళు ఆ మాట చెక్కిన మనిషి ఒక సాయంత్రం, అసలు లాయల్ అంటే ఏంటండీ మేడమ్‌గారూ అని అడిగారు. టీ కప్పు కింద పెట్టేశాను. టీచరుని అలా అడగడం చాలా ప్రమాదం.

మా క్లాసులో ఈ మాటకి వాక్యం రాయమంటే అందరూ కుక్క గురించే రాస్తారని చెప్పాను. విసుగొచ్చి కుక్కని నిషేధిస్తే మర్నాడు సగం మంది గేదె గురించి రాసుకొచ్చారు. పిల్లల తప్పు కూడా కాదు. తెలుగులో విశ్వాసం అనే మాటని కుక్కకీ చర్చికీ పంచేసి మనుషులకి మిగల్చలేదు. ఎవరి మొహం మీదైనా నువ్వు భలే విశ్వాసంగా ఉంటావు అనండి, దణ్ణం పెట్టరు, కొడతారు. విధేయత అందామా, అది అర్జీ చివర సంతకం పైన ఉంటుంది. ఈమధ్య కిరాణా సూపర్ మార్కెట్లో కూడా లాయల్టీ కార్డని ఒకటిచ్చారు. పప్పు కొంటే పాయింట్లు వస్తాయట.

“మరి అసలు అర్థం?” అన్నారు బాబూరావుగారు.

“వెళ్ళిపోయే దారి తెరిచి ఉన్నా వెళ్ళనివాళ్ళు లాయల్. వేరే గతి లేక ఉన్నవాళ్ళు కాదు.”

అయితే మనం చెక్కినవాళ్ళలో సగం మంది కాదన్నమాట అని ఆయన దిగులుపడ్డారు. సగం కాదు, ముప్పావు వంతన్నాను. అవతల రేకు కోస్తున్న సుగుణ తలెత్తకుండా నవ్వింది.

ఆ నవ్వు నవ్విన కొన్నాళ్ళకే ఆమెకి దారి తెరుచుకుంది. గుడివాడలో తేజ అనే కుర్రాడు పెద్ద షాపు పెట్టాడు. కంప్యూటర్లో గీసింది గీసినట్టు చెక్క మీదైనా గాజు మీదైనా చెక్కే లేజర్ మిషను తెచ్చాడు. సుగుణ పని చూసి, వచ్చి మిషను మీరే చూసుకోండని కబురు పెట్టాడు. అలాంటి మిషను కొందామని ఆమె బాబూరావుగారిని ఎప్పటి నుంచో అడుగుతోంది. మా నాన్న మిషను ఉండగా ఇంకోటెందుకమ్మా అని ఆయన ఎప్పుడూ దాటేస్తారు. అదీగాక పెడన స్టేషన్లో నిలబడితే ఇటు రైలెక్కితే బందరు, అటు రైలెక్కితే గుడివాడ. ప్లాట్‌ఫాం కూడా మారక్కర్లేదు.

సుగుణ దాచలేదు. కబురు రాగానే ఆయనకి చెప్పేసింది. ఆయన, నీ ఇష్టం అమ్మా అన్నారు. అని, ఆ రోజు నుంచి అన్నం సరిగ్గా తినడం మానేశారు. నేను వెళ్ళిన ప్రతిసారీ సందు చివరిదాకా వెంట వచ్చి, వెళ్తుందంటారా అని గుసగుసగా అడిగేవారు. ఉండమని నోరు తెరిచి అడగండి మహానుభావా అన్నాను. ఎలా అడుగుతానండీ, తన బాగు తను చూసుకోవద్దా, నేను అడిగితే కాదనలేకపోతుంది, అది అన్యాయం కదా అన్నారు. ఆ మాటకి నాకు కోపమూ వచ్చింది, ఆయన మీద గౌరవమూ పెరిగింది. రెండూ ఒకేసారి వస్తే ఏం చెయ్యాలో తెలియక ఇంటికొచ్చేశాను.

ఆయన మాత్రం ఊరుకోలేదు. ఏటా షాపు పెట్టిన రోజున కృతజ్ఞత కూడిక జరుపుతారు. సందుకి అడ్డంగా షామియానా, పక్క కొట్లవాళ్ళు, ఫిలిప్ పాస్టరుగారు, బాబూరావుగారి భార్య అన్నమ్మగారి చేతి బిర్యానీ, నాకు విడిగా పులిహోర. ఈసారి ప్రార్థన అయ్యాక బాబూరావుగారు మైకు తీసుకుని సుగుణని ముందుకి పిలిచారు. శాలువా కప్పారు. బల్ల కింద నుంచి ఒక షీల్డు తీసి చేతిలో పెట్టారు. ఆమె లేని ఆదివారాలు చూసుకుని, రేకు కోసుకుని, జిగురు వెతుక్కుని, ఆయన ఒక్కరే చేశారట. నాకు కూడా చూపించలేదు. అందరూ చప్పట్లు కొట్టారు. పని మెచ్చుకుంటే వెళ్ళబుద్ధి కాదని ఆయన ఆలోచన.

సుగుణ రేకు చదివింది. పక్కనే ఉన్నాను కాబట్టి నేనూ చదివాను. మీ లాయల్ సేవలకి గుర్తుగా. కింద ఆమె చేరిన ఏడాది, చిన్న గీత, ఈ ఏడాది.

ఇన్నేళ్ళూ అదే అచ్చులో పుల్ల నడిపిన చెయ్యి కదా, గీత దాటాక ఆగలేదు. మా ఊళ్ళో షీల్డు ఎప్పుడిస్తారో చిన్నపిల్లలకి కూడా తెలుసు. ఉన్నవాళ్ళకి ఎవరూ ఇవ్వరు. అది చేతికొచ్చిందంటే కుర్చీ ఖాళీ చెయ్యమని అర్థం. పాస్టరుగారికీ అలాగే అర్థమైంది. ఆయన వెంటనే కళ్ళు మూసుకుని, ఈ బిడ్డ వెళ్ళబోయే కొత్త చోట తోడుగా ఉండమని దేవుణ్ణి గట్టిగా అడిగారు. స్టేషనరీ కొట్టు రాంబాబుగారు పరుగెత్తికెళ్ళి ఆపిల్ పండ్లు తెచ్చి ఆమె చేతిలో పెట్టారు. ఎవరో రెండు మాటలు మాట్లాడమన్నారు. బాబాయిగారు నన్ను సొంత బిడ్డలా చూశారు, అందరికీ వందనాలు అంది సుగుణ. లోపలికెళ్ళి తన టిఫిన్ బాక్సు, గొడుగు తీసుకుంది. ఆ గొడుగు వానాకాలం ఎండాకాలం ఆ మేకుకే వేలాడేది. రైలు టైమైందని చెప్పి వెళ్ళిపోయింది.

బాబూరావుగారు ఆనందంగా అందరికీ బిర్యానీ వడ్డిస్తున్నారు. చూశారా, కళ్ళనీళ్ళు పెట్టుకుంది, ఇక వెళ్ళదు అని నాతో అన్నారు. అన్నమ్మగారు గరిట అక్కడే పెట్టేసి, “పిల్లని పంపించేశారేంటండీ?” అన్నారు.

ఆయనకి అర్థం కావడానికి కాస్త సేపు పట్టింది. అర్థమయ్యాక కుర్చీలో కూర్చుండిపోయారు.

మర్నాడు సుగుణ రాలేదు. ఫోను ఎత్తలేదు. ఆ సాయంత్రం నేను వెళ్ళేసరికి షట్టరు సగమే ఎత్తి ఉంది, మిషనుకి నూనె పెట్టలేదు. బాబూరావుగారు చొక్కా మార్చుకుని నా కోసం చూస్తున్నారు. పెడన వెళ్దామండీ, నాకు మాటలు రావు, మీరుంటే బాగుంటుందని బతిమాలారు. తెలుగులో మాట్లాడడానికి ఇంగ్లీషు టీచరెందుకండీ అని విసుక్కుంటూనే వెళ్ళాను.

సుగుణ వాళ్ళమ్మ కలంకారీ అద్దకం పని చేస్తుంది. పొడుగాటి బల్ల మీద దుప్పటి పరిచి అచ్చు మీద అచ్చు కొడుతోంది. సుగుణ మమ్మల్ని కూర్చోబెట్టి మంచినీళ్ళిచ్చింది. షీల్డు బీరువా మీద ఉంది, పైనున్న పల్చటి ప్లాస్టిక్ కవరు కూడా ఇంకా తియ్యలేదు. బాబూరావుగారు గ్లాసు పట్టుకుని, అవనిగడ్డ స్కూలు ఆర్డరులో ఒక పేరు దగ్గర అనుమానం వచ్చిందని మొదలుపెట్టారు. నేను కాలితో తన్నాను. ఆయన ఆగిపోయారు.

సుగుణే అడిగింది. గొంతులో కోపం లేదు, అందుకే నాకు భయమేసింది. “నేను మీకు లాయల్ అని రాశారు బాబాయిగారూ. మరి మీరు నాకేంటి?”

వాళ్ళమ్మ అచ్చు కొట్టడం ఆపింది. బాబూరావుగారు గ్లాసు కింద పెట్టారు. ఏ షీల్డు మీదా లేని ప్రశ్న అది. చెక్కించుకునేవాళ్ళే గానీ, తిరిగి అడిగినవాళ్ళు ఆయనకి ఎప్పుడూ తగల్లేదు.

“నువ్వు వెళ్ళిపోతావని భయమేసిందమ్మా. అది చెప్పడం చేతకాలేదు. నాకు చేతనైంది షీల్డొకటే.”

“వెళ్ళొద్దని చెప్పడానికి షీల్డిస్తారా ఎవరైనా?” అని సుగుణ నవ్వబోయి ఏడ్చేసింది. కళ్ళు తుడుచుకుని చెప్పింది, కూడికకి ముందు రోజే తేజకి రానని ఫోన్ చేసేసిందట. కూడిక అయ్యాక, బిర్యానీ తినేటప్పుడు ఆ మాట చెబుదామనుకుందట.

బాబూరావుగారు తల దించుకున్నారు. నేను నా జన్మలో ఒక్క మాటకి అంత మంచి ఉదాహరణ చూడలేదు, దాని పక్కనే అంత పెద్ద తప్పు కూడా చూడలేదు. దిద్దడానికి నా చేతిలో ఎర్ర పెన్ను పనికొచ్చేది కాదు.

సుగుణ బీరువా మీంచి షీల్డు దించి ఆయన చేతిలో పెట్టింది. ఆ రెండో ఏడాది తీసెయ్యండి, అప్పుడొస్తానంది. అక్షరాల మధ్య ఎడం కూడా బాలేదంది. మిషను సంగతి మళ్ళీ అడుగుతానని కూడా చెప్పింది. ఆయన అన్నిటికీ తలూపారు. తిరుగు రైల్లో బందరు వచ్చేదాకా షీల్డు ఒళ్ళో పెట్టుకుని కూర్చున్నారు.

ఇత్తడి మీద చెక్కింది అంత తేలిగ్గా పోదు. రేకు మొత్తం మార్చేస్తే పోతుంది కదా అంటే ఆయన ఒప్పుకోలేదు. ఉప్పుకాగితం పెట్టి, వేళ్ళు బొబ్బలెక్కేదాకా రుద్దారు. ఆఖరికి ఆ చోట అంకెలు పోయి తళతళలాడే ఒక మచ్చ మిగిలింది. సుగుణ వచ్చి, వేలితో తడిమి చూసి, గొడుగు మేకుకి తగిలించి పనిలో కూర్చుంది.

లేజర్ మిషను కూడా వచ్చింది. బాబూరావుగారికి అది నచ్చలేదు. చప్పుడు చెయ్యని మిషను పనిచేస్తోందని ఎలా నమ్మమంటారు అని నన్నడుగుతారు. తండ్రి మిషనుని కిటికీ పక్కకి మార్చి, నూనె పెట్టడం మాత్రం మానలేదు. ఇప్పుడు ఎవరికైనా లాయల్ అని చెక్కమంటే, నిజంగానేనాండీ అని ఒకసారి అడుగుతున్నారు. అందువల్ల బేరాలు కొన్ని పోయాయని అన్నమ్మగారు గొణుగుతారు.

సుగుణ షీల్డు షాపులో ఎదురుగా, అద్దాల అరలో ఉంది. కొత్తగా వచ్చినవాళ్ళు దాన్ని మోడల్ అనుకుంటారు. మొన్న గుడివాడ నుంచి వచ్చిన ఒకాయన కళ్ళజోడు సవరించుకుని చదివి, గీత తర్వాత ఏడాది వెయ్యడం మర్చిపోయారండీ అన్నాడు. సుగుణ కంప్యూటరు మీంచి తల తిప్పలేదు.

“మర్చిపోలేదండీ,” అన్నారు బాబూరావుగారు, “అంత కష్టపడి తీశాను.”