బాపు పెదాలు కదిలిన షాట్

మాటల్లేని ప్రయోగాత్మక లఘుచిత్రం తీస్తున్నానని బోధన్‌లో అందరికీ గొప్పగా చెప్పుకున్నాను. మైకు కొనే స్తోమత లేదని మాత్రం చెప్పలేదు. కెమెరా నా ఫోనే. ట్రాలీ, చెరకు మోసే ఎడ్లబండి. హీరో, చక్కెర మిల్లు మూతపడ్డాక ఇంట్లో కూర్చున్న మా బాపు. పారితోషికం, షాట్‌కో చాయ్.

చెరకు తోట గట్టు మీద కూర్చుని, దూరంగా కనిపించే మిల్లు పొగగొట్టాన్ని చూస్తూ తనలో తాను గొణుక్కోవాలి.

"ఏమనాలె బిడ్డా?" అన్నాడు బాపు.

"ఏదన్నా అను. ఎట్లాగూ సౌండ్ తీసేస్త."

అంతే, మనిషి హుషారైపోయాడు. పొగగొట్టాన్ని వదిలేసి మాటిమాటికీ కెమెరా వైపే తిరిగాడు. అరిచాను, అలిగాను, చాయ్ బంద్ అని బెదిరించాను. వింటేనా! ఎండ వాలిపోతోందని చివరికి ఉన్నదానితోనే సరిపెట్టుకున్నాను.

ఎవరిదో ప్రొజెక్టర్ బతిమాలి తెచ్చి, మా గల్లీలోనే గోడకు దుప్పటి కట్టి సినిమా వేశాను. బాపు, మిల్లులో ఆయనతో పనిచేసినవాళ్లంతా ముందు బెంచీల మీద కూర్చున్నారు. వాళ్లతోపాటే పనిచేసిన మా పెద్దబాపు మాత్రం వెనక ఓ మూల నిలబడ్డాడు. పొలంలో ఉమ్మడి బోరు మోటారు కాలిపోయినప్పటి నుంచి అన్నదమ్ములకు మాటల్లేవు. కాల్చింది నువ్వంటే నువ్వని. పెద్దబాపు భుజాల మీద పెరిగినదాన్ని, నాకది చాలా బాధగా ఉండేది.

గట్టు మీది షాట్ వచ్చింది. అందరి కళ్లలో నీళ్లు తిరుగుతాయనుకున్నాను. ముందు వరసలో పకపకా నవ్వులు! నాకు ఒళ్లు మండిపోయింది. ఎందుకు నవ్వుతున్నారని ఓ పెద్దాయన్ని నిలదీశాను.

"మీ బాపు ఏమంటుండో సూస్తలేవా? 'అన్నా, మోటర్ కాల్చింది నేనే. తిడ్తవని నీ మీదేసిన. గిప్పుడు సిన్మాల సెప్తున్న, మందిల తిట్టలేవు గద' అంటుండు."

మిల్లు రొదలో గొంతు వినపడదు. అక్కడ అందరూ పెదాలు చూసే మాట్లాడుకునేవాళ్లు. బాపు ఎన్నిసార్లో చెప్పాడు. సినిమా పిచ్చిలో ఎవరికి గుర్తు?

పెద్దబాపు జనాన్ని తోసుకుంటూ వచ్చి దుప్పటికి అడ్డంగా నిలబడ్డాడు. ఇక కొట్లాటే అనుకున్నాను. ప్రొజెక్టర్ వెలుగు మొహాన పడుతుంటే, బాపును చూస్తూ చప్పుడు లేకుండా పెదాలు కదిలించాడు. ముందు వరస గొల్లున నవ్వింది. బాపు నవ్వుతూనే తువ్వాలతో కళ్లు తుడుచుకున్నాడు.

"ఏమన్నడు బాపూ?" ఆత్రంగా అడిగాను.

బాపు బెంచీ మీద అన్నకు జాగా ఇస్తూ పక్కకు జరిగాడు.

"నీ సిన్మాల మాటల్లేవంటివి గద బిడ్డా, నీకెందుకు?"