బెర్లిన్ ఫుట్‌పాత్ మీద చింతపండు

పళ్ల ఎగ్జిబిషన్‌కని మామిడి రైతులం కొందరం నూజివీడు నుంచి బెర్లిన్ వచ్చాం. మా ఆవిడ సుజాత కూడా వచ్చింది. ఈ రోజు ఖాళీ దొరికితే, యుద్ధకాలంలో ఇక్కడి యూదులు బతికిన వీధులు చూపించే వాకింగ్ టూర్‌కి వెళ్లాం ఇద్దరం.

నాజీలు పట్టుకుపోయి చంపినవాళ్ల పేర్లు చిన్న ఇత్తడి బిళ్లల మీద చెక్కి, వాళ్లు కాపురమున్న ఇళ్ల ముందు ఫుట్‌పాత్‌లోనే పొదిగారు. ఒకదానికి సుజాత బూటు తగిలింది. ఠక్కున వంగి, దాన్ని తాకి కళ్లకద్దుకుంది. అక్షరానికి కాలు తగిలితే మనమంతా చేసే పనే.

"పర్లేదమ్మా, వంగి చదవాలనే నేలలో పెట్టారు" అంది గైడమ్మాయి ఇంగ్లీషులో. నేను తెలుగులో చెప్పాను.

"వంగేవాళ్లు వంగుతారండీ. మరి తొక్కేవాళ్లో?" అంది సుజాత.

ఆ బిళ్ల ఆరేళ్ల పాపది. పేరు నల్లగా మాసిపోయింది. టూర్ అయ్యాక సుజాత హోటల్‌కెళ్లి, చారు కోసం ఊరినుంచి తెచ్చుకున్న చింతపండు తీసుకుని, నన్ను మళ్లీ అక్కడికే లాక్కొచ్చింది. ఆ చలిలో మోకాళ్ల మీద కూర్చుని, దేవుడి సామాను తోమినట్టు తోమడం మొదలెట్టింది.

"అందరూ చూస్తున్నారే, లే!"

"చూడనీయండి."

అటుగా వెళ్తున్న పెద్దాయనొకడు ఆగి, "ఆ పాప మీ బంధువా?" అని నన్నడిగాడు.

"ఏంటంటున్నాడు?" అంది సుజాత. చెప్పాను.

"అవునని చెప్పండి" అంది, చెయ్యి ఆపకుండా.

చెప్పాను. అబద్ధమంటారా మీరు?