ఆరో గూడు

పొద్దున పక్కింటివాళ్లు పాత డ్రమ్ములో సున్నం నానవేశారు. గుల్లసున్నం మీద నీళ్లు పడగానే బుసబుసమని పొంగే చప్పుడూ, ఆ వెనకే గొంతుకు పట్టుకునే ఘాటు వాసనా గోడ దాటి మా వంటింట్లోకి వచ్చాయి. కూర తరుగుతున్న చెయ్యి ఆగిపోయింది. ఈ వాసన వచ్చిన ప్రతిసారీ నాకు ముందు భయం వేస్తుంది, తరవాత ఒక మనిషి కోసం మనసు కొట్టుకుంటుంది. ఆ మనిషి మీకెవరికీ తెలియదు. బాపట్లలో రైలుకట్టకు దగ్గరగా ఒక పెంకుటింట్లో ఒంటరిగా ఉండిన రాజ్యలక్ష్మి టీచరుగారు. ఈ నాలుగు ముక్కలు నేను రాయగలుగుతున్నానంటే అది ఆవిడ పెట్టిన భిక్ష. భిక్ష అంటే ఆవిడ ఒప్పుకునేవారు కాదు. "పనిచేసి సంపాదించుకున్నావు" అనేవారు.

మాది సూర్యలంక. సముద్రం మీద బతికే కుటుంబం. చిన్నప్పటి నుంచీ నెత్తిన తట్ట పెట్టుకుని బాపట్ల వీధుల్లో చేపలు అమ్మాను. మా ఆయన పోయిన రెండేళ్లకు మెడ నరం పట్టేసి తట్ట ఎత్తలేకపోయాను. అప్పటికి నాకు ముప్పై దాటాయి. టీచరుగారు చేపలు తినరు, కానీ ఎండలో వెళుతుంటే పిలిచి మంచినీళ్లు ఇచ్చేవారు. ఆ చనువుతోనే వెళ్లి ఏదైనా పని ఉంటే చెప్పమన్నాను. "ఇక్కడే ఉండు. ఇల్లు ఊడవాలి, వంట చెయ్యాలి, నా కాగితాల జోలికి మాత్రం పోకూడదు" అన్నారు. తెనాలిలో ఆడపిల్లల బడిలో ముప్పై ఏళ్లు ఇంగ్లీషు చెప్పి, రిటైరయ్యి, తండ్రి కట్టించిన ఆ ఇంటికి వచ్చారావిడ. పెళ్లి చేసుకోలేదు. రేపల్లెలో ఒక తమ్ముడు ఉండేవారు.

ముందుగదిలో తూర్పు గోడకు వరసగా అయిదు గూళ్లు ఉండేవి. ఎవరింట్లోనైనా గూట్లో దీపమో, దేవుడి పటమో ఉంటుంది. ఆ గూళ్ల నిండా కాగితం ముక్కలు. పాత పరీక్ష పేపర్లు కత్తిరించి, వాటి వెనకవైపు రాసుకున్నవి. పైన ఇంగ్లీషులో ఒక వాక్యం, దాని కింద తెలుగులో దాని అర్థం, ఎవరు ఎవరితో అన్నారన్న వివరం. ప్రతి ముక్క మీదా ఒకే ఒక్క మాట కింద ఎర్ర పెన్సిలు గీత. చదవడం రాకపోయినా ఆ మాట నాకు బొమ్మలా గుర్తుండిపోయింది. మొదట గాలపు కొక్కెం, చివర తెరచాప కట్టే కొయ్య.

"అదేంటండీ టీచరుగారూ, అన్నిటి మీదా అదే మాట?" అని ఒకరోజు అడిగాను.

"షల్ట్" అన్నారు. "ఇంగ్లీషువాళ్ల పాత మాట. ఇప్పుడు వాళ్లెవరూ అనరు."

"వాళ్లే అనని మాట మీకెందుకండీ?"

ఆవిడ నవ్వారు. "ఇప్పుడు ఇంగ్లీషులో నువ్వు, మీరు అన్న తేడా లేదే. పూర్వం ఉండేది. ఎదటి మనిషిని నువ్వు అన్నప్పుడే ఈ మాట వాడేవారు. మనం దేవుణ్ణీ నువ్వు అంటాం, బిడ్డనీ అంటాం, గిట్టనివాణ్ణీ అంటాం. వాళ్లూ అంతే. అందుకని ఈ ఒక్క మాటలో ఎన్ని మనసులున్నాయో వెతుకుతున్నాను."

నాకు అర్థం కాలేదు. సూర్యలంక నుంచి చేపలతట్టతో వచ్చే మా వీధి వెంకాయమ్మతో చెబితే పొట్ట పట్టుకుని నవ్వింది. "ఒక్క మాటకి అన్ని కాయితాలా! మా ఆయన రోజుకి వంద మాటలంటాడు, నేను ఒక్కటన్నా రాసుకున్నానా!"

మరుసటి ఏడు ఎండలు ముదిరే ముందు ఇంటికి సున్నం వేయించాలనుకున్నారు. మనుషుల్ని మాట్లాడారు. ఆ రోజు టీచరుగారు గుంటూరు డాక్టరు దగ్గరికి వెళ్లవలసి వచ్చింది. వెళుతూ "ముందుగది ముట్టుకోవద్దను, నేను వచ్చాక చూద్దాం" అన్నారు. సున్నం వేసేవాళ్లు మధ్యాహ్నానికే మిగతా గదులు ముగించేశారు. "అమ్మా, రేపు రావడం కుదరదు, ఇప్పుడైతే ఇది కూడా అయిపోతుంది" అన్నారు. గోడ ఒక్కటీ మాసిపోయి మిగిలిపోతుందని నాకు బాధ వేసింది. కాగితాల మీద సున్నం చుక్క పడకుండా తీసి దాస్తే చాలు కదా అనుకున్నాను. అయిదు గూళ్లూ ఖాళీ చేశాను. అన్నిటి మీదా ఉన్నది ఆ ఒక్క మాటే. ఒక జాతి చేపలన్నీ ఒక తట్టలోకే వెళ్లాలి. ఆ తట్టలో మళ్లీ పెద్దవి అడుగున, చిన్నవి పైన. పుట్టి బుద్ధెరిగాక నేర్చిన పని అదే. ఒక్క ముక్క నలగకుండా, పెద్ద కాగితాలు కిందా చిన్నవి పైనా పేర్చి, అంచులు సరిచేసి, నూలుతాడుతో ఒకే కట్ట కట్టాను. ఎంత బాగా కట్టానో అని నాకు నేనే మురిసిపోయాను.

సాయంత్రం ఆవిడ వచ్చారు. పచ్చి సున్నం వాసన కొడుతున్న గదిలో, ఖాళీ గూళ్ల ఎదుట నిలబడ్డారు.

"కాగితాలేవీ?"

"జాగ్రత్తగా పెట్టానండి. ఒకటే మాట గదండీ, ఒకే కట్ట కట్టాను" అంటూ రెండు చేతులా అందించాను.

ఆవిడ కట్ట పుచ్చుకుని కుర్చీలో కూర్చున్నారు. తాడు విప్పలేదు. చాలాసేపు దాన్ని నిమురుతూ ఉండిపోయారు. ఒక్కో గూడు ఒక్కో అర్థానికట. ఆజ్ఞ, మాట ఇవ్వడం, బెదిరింపు, జోస్యం, ఓదార్పు. ఏ ముక్క ఏ గూటిదో తేల్చడానికి ఆవిడకు పదేళ్లు పట్టిందట. "తిట్టండి టీచరుగారూ, కొట్టండి" అని ఏడ్చాను.

"నిన్నెందుకే తిట్టడం? చదువు రాని మనిషిని ఇంట్లో పెట్టుకుని, చదువు గూళ్లలో దాచుకున్నాను. తప్పు నాది" అన్నారు. తరవాత మెల్లగా అసలు సంగతి చెప్పారు. చూపు పక్కల నుంచి మూసుకుపోతోందట. మహా అయితే ఏడాది, అది కూడా పెద్ద అక్షరాలకే అన్నాడట డాక్టరు. ఆ చిన్న చిన్న రాతలు ఆవిడ చదివి మళ్లీ విడదీయడం జరిగే పని కాదు. పుస్తకంగా వేయించాలనుకున్నదంతా ఆ కట్టలోనే ఉంది.

మర్నాడు బజారు నుంచి నా కోసం ఒక పలక తెప్పించారు.

ఇంటిపనయ్యాక రోజూ మధ్యాహ్నం రెండు గంటలు. వలకన్ను తప్పితే పట్టుకునే నా వేళ్లు బలపం దగ్గర మొద్దుబారిపోయేవి. వెంకాయమ్మ కిటికీలోంచి చూసి "పళ్లూడే వయసులో పలకేంటే నాంచారమ్మా, బళ్లో చేరతావా ఏంటి?" అని ఎగతాళి చేసేది. నాకు రోషం ఉండేది కాదు, తొందర ఉండేది. టీచరుగారి కళ్లు మూసుకుపోయే లోపల నా కళ్లు తెరుచుకోవాలి. ఒత్తుల దగ్గర తడబడి ఏడిస్తే "ఏడుపు తరవాత, ముందు ఇది దిద్దు" అనేవారు. ఆరు నెలలకు ఆ ముక్కల మీది తెలుగు కూడబలుక్కుని చదవగలిగాను. నేను చదవడం, ఆవిడ కళ్లు మూసుకుని వినడం, ఏ గూడో చెప్పడం.

కొన్నాళ్లకు చెప్పడం మానేసి నన్నే అడగసాగారు. "నువ్వు చెప్పు, ఏ గూడు?"

"నాకేం తెలుసండీ?"

"ఎందుకు తెలియదు? దెబ్బలు తింటావు అంటే ఏంటి?"

"బెదిరింపండి."

"పొద్దున్నే లేచి మందు తింటావు, అంటే?"

"చెప్పినట్టు చెయ్యమనండి."

"నా తల్లే, మళ్లీ మామూలుగా అన్నం తింటావు, అని జబ్బు మనిషితో అంటే?"

"ఓదార్పండి" అన్నాను. అంటూ ఉండగానే గూళ్లన్నీ నాకు ఒక్కసారి వెలుతురు పడినట్టు కనిపించాయి. కాగితం మీద ఉన్నది పరాయి దేశపు మాటే కావచ్చు, అంటున్న మనుషులు మాత్రం నేనెరిగినవాళ్లే.

ఒక ముక్క దగ్గర మాత్రం మాకు తగువు వచ్చింది. ఏదో పాత ఇంగ్లీషు కథలోది. ఒక తల్లి కొడుకుతో అంటుంది: ఆ ఏటి వైపు వెళ్లావంటే ఇక ఈ ఇంట్లో ముద్ద ముట్టవు. టీచరుగారు "బెదిరింపు" అన్నారు. నేను కాగితం గూట్లో పెట్టకుండా నిలబడ్డాను.

"ఏంటే?"

"బెదిరింపు కాదండీ. మా అమ్మ కూడా అట్టాగే అనేది. సముద్రం పోటు మీద ఉన్నప్పుడు నీళ్ల దగ్గరికి పోతే కాళ్లిరగ్గొడతాననేది. మా అన్నని సముద్రం తీసుకుపోయాక మరీను. ఆవిడది కోపం కాదండీ, భయం. బెదిరించేవాడికి మనం బాగున్నా చెడినా ఒకటే. ఈవిడకు ఒకటి కాదు."

ఆవిడ ఆ ముక్క అందుకుని వేళ్లతో తడిమారు. తరవాత "పదేళ్లు చదివాను దీన్ని" అని తనలో తను అనుకున్నట్టు అన్నారు. "వంటింటి గుమ్మం పక్కన గూడుందే, అందులో ఏమున్నాయి?"

"నా దువ్వెనా, వక్కలూనండి."

"తీసెయ్. అది ఆరో గూడు. పైన భయం అని రాసి అంటించు."

అది నేను పలక మీద కాక కాగితం మీద రాసిన మొదటి మాట. ఆ తరవాత బెదిరింపు గూడంతా దించి మళ్లీ చదివాం. సగానికి సగం ఆరో గూటికి వచ్చాయి.

ఇంకా గుప్పెడు ముక్కలు మిగిలి ఉండగానే ఆవిడకు చూపు పూర్తిగా పోయింది. ఒక ఉదయం కాఫీ గ్లాసు కోసం గాలిలో వెతుకుతున్న ఆవిడ చెయ్యి చూసి తెలుసుకున్నాను. నేను భోరుమంటే ఆవిడే నా భుజం తడిమారు. "ఇక నా కళ్లతో పనేముందే, నీవి ఉన్నాయిగా. మిగిలినవి చదువు" అన్నారు. ఆ వారంలోనే ముగించాం.

గూళ్ల వారీగా ఆరు కట్టలు కట్టుకుని ఇద్దరం తెనాలి వెళ్లాం. అక్కడ ప్రెస్సు నడిపే ఒకాయన ఆవిడను ఎరిగినవాడు. మర్యాదగా కూర్చోబెట్టి కాఫీ తెప్పించాడు. కాగితాలు అటూ ఇటూ తిప్పి "ఇంగ్లీషువాళ్లే వదిలేసిన మాట, మనకెందుకు టీచరుగారూ? గైడు రాసివ్వండి, రేపే వేస్తాను" అన్నాడు. తిరుగు బండిలో నేను ఆయన్ని శాపనార్థాలు పెడుతుంటే ఆవిడ కిటికీ వైపు ముఖం పెట్టి "వాడి మాటా తప్పు కాదులే. మనకు కావలసింది మనం చదువుకున్నాంగా" అన్నారు. అప్పుడు నాకు ఆవిడ గొంతు వినపడింది. ఆ మాట నాకోసం అన్నారు, తనకోసం కాదు. ఆవిడ చెయ్యి పట్టుకుని కూర్చున్నాను. పొన్నూరు దాటేదాకా వదలలేదు.

ఆ ఏడాది చివర తమ్ముడు వచ్చి ఆవిడను రేపల్లె తీసుకువెళ్లారు. నేను నెలకోసారి తెనాలిలో బండి మారి వెళ్లి, రెండు రోజులుండి, ఆవిడ అడిగినవి చదివి పెట్టేదాన్ని. ఆ నెల మాత్రం మా అక్క కూతురి పురుడని ఆగిపోయాను. ఈలోపే కబురొచ్చింది. నేను వెళ్లేసరికి పడమటింట్లో పడుకోబెట్టి ఉంచారు. ఎన్నడూ మీరు తప్ప మరో మాట ఎరగని నేను, కాళ్ల మీద పడి "నన్నొదిలి ఎట్టా పోయావమ్మా, ఒక్క నాలుగు రోజులు ఆగలేకపోయావా" అని గోలపెట్టాను. ఎవరూ తప్పు పట్టలేదు. ఆరు కట్టలూ ఎవరో కాలేజీ మేష్టారు అడిగి తీసుకున్నారని తరవాత తెలిసింది. ఆయన ఎవరో, అవి ఏమయ్యాయో ఎంత వాకబు చేసినా తెలియలేదు.

సూర్యలంక వచ్చేశాక మా వీధికి ఉత్తరాలు చదివేదాన్ని నేనే అయ్యాను. ఒకరోజు వెంకాయమ్మ ఇన్లాండు కవరు ఒకటి తెచ్చి నా ఒళ్లో పడేసింది. పేరాలలో నేతపని వాళ్లకిచ్చిన కూతురు రాసింది. పోస్టుమేన్ చేత అప్పటికే ఒకసారి చదివించుకుని మండిపడుతోంది. "చూడవే నాంచారమ్మా, కన్నతల్లిని ఇప్పుడప్పుడే రాకు అని రాసింది! గుడ్డలు నేసే ఇంటికి మా చేపల కంపు పనికిరాలేదేమో! ఇక దాని గడప తొక్కితే ఒట్టు."

నేను ఉత్తరం ముందు లోపల్లోపల చదువుకున్నాను. రావద్దన్నది ఒక్క చోటే. నీ మోకాళ్లు ఎట్టా ఉన్నాయని మూడు చోట్ల అడిగింది. మగ్గం గురించి, ఇంట్లో తిండి గురించి ఒక్క ముక్క లేదు. మళ్లీ మొదటినుంచీ, ఆ పిల్ల గొంతుతో పైకి చదివాను. వెంకాయమ్మ ముఖంలో కోపం మెల్లమెల్లగా దిగిపోయింది.

"ఇది వద్దనడం కాదే. తన ఇల్లు నీ కళ్లబడుతుందని భయం. రేపు పొద్దున బండెక్కు" అన్నాను.

వెళ్లింది. మగ్గం ఆగి నెలయిందట. అల్లుడు మంచాన పడ్డాడట. పిల్ల ఎముకలగూడులా ఉండి, తల్లిని గుమ్మంలో చూసి "రావొద్దన్నానుగా" అంటూనే మెడకు చుట్టేసుకుందట. నాలుగు వారాలు ఉండి వచ్చింది వెంకాయమ్మ. "ఉత్తరం అందరూ చదువుతారే, నువ్వు మనిషిని చదివావు" అంది. ఎప్పుడూ నన్ను ఆటపట్టించే మనిషి.

ఆ మాట వెంటనే టీచరుగారికి చెప్పాలనిపించింది. రేపల్లె బండి ఎన్నింటికో లెక్క కూడా వేసుకున్నాను. అప్పటికి ఆవిడ పోయి మూడేళ్లు.

ఇప్పటికీ ఎవరు ఏ మాటన్నా, ఉత్తరమైనా ఫోనైనా, వెంటనే బదులు చెప్పను. ఆ మాట ఎక్కడి నుంచి వచ్చిందో తెలిసేదాకా ఆగుతాను. కొన్నిసార్లు తేల్చుకోలేను. అలాంటప్పుడు పైకి చదివి, కాసేపు ఊరుకుంటాను. ఎదురుగా కుర్చీలో కళ్లు మూసుకుని వినే మనిషి "నువ్వు చెప్పు" అంటే బాగుండునని ఎదురుచూస్తాను.