నా ఫ్లెక్సీని చించింది నేనే

నేనప్పుడు ఎనిమిదో తరగతి. చిత్తూరు జిల్లాలో మా నాయన పెద్ద నాయకుడు. నేను పెద్దమనిషినైన సంగతి అమ్మ ఇంట్లోవాళ్లకే చెప్పిందనుకున్నాను. పదిహేను రోజుల తర్వాత బడికి బయల్దేరితే, తిరుపతి రోడ్డు కూడలిలో నా ఫోటోతో నిలువెత్తు ఫ్లెక్సీ! 'మా చిన్నమ్మ పుష్పవతి అయిన శుభవేళ శుభాకాంక్షలు' అని రాసి, కింద దండాలు పెడుతున్న పార్టీవాళ్ల ఫోటోలు వేశారు. స్కూలు బస్సులో మగపిల్లలు దాన్ని పైకి చదివి పగలబడి నవ్వారు.

సాయంత్రం అక్కడే బస్సు దిగి, కంపాసు పెట్టెలోని డివైడరుతో దాన్ని నిలువునా చీల్చేశాను.

మర్నాడు అదే కూడలిలో ధర్నా. అవతలి పార్టీవాళ్లే చించారని మావాళ్ల గోల. "నా బిడ్డను అవమానించినోళ్లను వదిలేది లేదు!" అని నాయన మైకులో అరుస్తున్నాడు.

నాకు ఒళ్లు మండిపోయింది. జనాన్ని తోసుకుంటూ వెళ్లి, "నేనే చించినా నాయనా!" అని అరిచాను.

నాయన మైకుకు చెయ్యి అడ్డం పెట్టి, "నోరు మూసుకో పాపా, టీవీవోళ్లు ఉండారు" అన్నాడు. తర్వాత నా భుజం మీద చెయ్యి వేసి, మైకులో, "సూడండప్పా, నా బిడ్డను ఎంత భయపెట్టినారో!" అన్నాడు. జనం చప్పట్లు కొట్టారు.

రెండు రోజుల్లో కొత్త ఫ్లెక్సీ వచ్చింది. మళ్లీ నా ఫోటోనే. 'చిన్నమ్మకు జరిగిన అవమానాన్ని ఖండిస్తున్నాం' అని రాశారు.

నాకిప్పుడు పెళ్లై పిల్లలున్నారు. కోపం మాత్రం చల్లారలేదు. నన్ను అవమానించిందెవరో ఆ రోజు ఎవరూ వెతకాల్సిన పనే లేదు. వాళ్లందరి ఫోటోలూ ఆ ఫ్లెక్సీ మీదే ఉన్నాయి. అన్నింటికన్నా పెద్దది మా నాయనది.