బతికుండగానే పంచిన హల్వా

మా ఆయన ఫెర్రుహ్ ఏం చేస్తాడని ఎవరైనా అడిగితే నాకు ఒళ్ళు మండుతుంది. కథలు రాస్తాడు. మొదట్లో ఇస్తాంబుల్‌లో, బెయోలూ సందుల్లోని సినిమా ఆఫీసుల చుట్టూ తిరిగి సినిమాలకు రాశాడు. వాటిని ఎవరూ చూడలేదు. తర్వాత టీవీకి మారాడు. ఇప్పుడు వారం వారం ఒక సినిమా అంత పొడుగు ఎపిసోడ్ రాయాలి. ఉదయం సీను పంపితే మధ్యాహ్నానికి షూటింగ్. పెళ్ళయ్యాక ఈ మనిషి నాతో కూర్చుని నిదానంగా ఒక్క గ్లాసు టీ తాగిన పాపాన పోలేదు.

పోనీ, రాసేదైనా సొంతంగా రాస్తాడా? సీరియల్లో నాజియే అనే నానమ్మ ఉంది. ఆవిడ నోట వచ్చే ప్రతి మాటా మా అత్తగారు సాదెత్ గారిదే. వంటింట్లో నన్ను తిట్టిన తిట్లు మంగళవారం దేశమంతా వింటుంది! మా ఉస్కుదార్ బజారులో కూరగాయలవాళ్ళు అత్తగారిని "నాజియే గారూ" అని పిలిచి, మంచి టమాటాలు ఏరి ఇచ్చేవారు. ఆవిడ మురిసిపోయేది. తిట్లు నాకు, పేరు తల్లీకొడుకులకి!

ఇంతలో ఆ వేషం వేసే నటి ఇంకో సీరియల్‌కి వెళ్ళిపోయింది. నానమ్మను చంపెయ్యమన్నారు ఛానెల్ వాళ్ళు.

"ముందు అత్తయ్యకి చెప్పండి" అని మొత్తుకున్నాను.

"టైమెక్కడుంది నుఖెత్?" అన్నాడు.

కన్నతల్లికి ఒక్క మాట చెప్పడానికి టైము లేదట!

మంగళవారం అత్తగారు ఇరుగుపొరుగుని పోగేసుకుని చూస్తుండగానే, నాజియే టీ పోస్తూ పోస్తూ కూలిపోయింది. మర్నాడు పొద్దున్నే అత్తగారు రవ్వ, వెన్న వేసి, చావింట్లో చేసే హల్వా వేయించింది. వీధంతా పంచింది. పక్కింటి మెలాహత్ "అయ్యో, ఎంత మంచి మనిషి" అంటూ బతికున్న మనిషినే పట్టుకుని ఏడ్చింది. చివరి పళ్ళెం కొడుకు ముందు పెట్టి, "తిను. మీ అమ్మ ఆత్మశాంతికి" అంది.

అంతే. కొడుకుతో మాట్లాడటం మానేసింది. ఈయనకు రాత ఆగిపోయింది. కాగితం ముందు కూర్చుంటాడు, లేస్తాడు, వంటింటి గుమ్మంలో నిలబడతాడు.

"అమ్మా, పోనీ తిట్టవే!"

ఆవిడ నావైపు తిరిగింది. "అడగవే వీణ్ణి, ఈసారి నన్ను ఎవరి నోట్లో పెట్టి చంపుతాడో!"

మళ్ళీ మంగళవారం వచ్చింది. తెర మీద నాజియే కొడుకు తలుపు దగ్గర, కోడలు కిటికీ దగ్గర నిలబడి ఒకరినొకరు చూసుకుంటూనే ఉన్నారు. వెనక ఒకటే సంగీతం. ఈయన సోఫా మూల తల దించుకుని కూర్చున్నాడు. నాకు జాలేసింది. జాలి వేసినందుకు ఇంకా చిరాకేసింది.

అత్తగారు కాసేపు ఓర్చుకుంది. ఇక వల్ల కాలేదు.

"ఏమిట్రా ఈ దిష్టిబొమ్మలు? ముసలిది పోయిన ఇంట్లో ఒక్కరికీ నోరు పెగలదా? పో, పెన్ను తెచ్చుకో."

ఈయన పరుగెత్తి, తివాచీ తట్టుకుని పడబోయి, పెన్ను తెచ్చుకుని ఆవిడ కాళ్ళ దగ్గర కూర్చున్నాడు. ఆవిడ కొడుకు తల మీద చెయ్యి వేసింది.

"రాసుకో. కానీ ఈసారి నన్ను చంపేముందు, నాకో మాట చెప్పరా."